గాలే ఇంధనం

ఇంజన్ ఉండదు. చుక్క పెట్రోలు పొయ్యరు. అయినా గంటల తరబడి ఎగురుతుంది. పొద్దున బయల్దేరి వందల కిలోమీటర్లు తిరిగి సాయంత్రానికి అదే మైదానంలో దిగుతుంది. గ్లైడర్ నడపాలంటే కంటికి కనపడని గాలిని చదవడం రావాలి. విమానయానం మొత్తానికీ పునాది వేసిన ఆ విద్యే ఈవారం ముఖచిత్ర కథనం.

నూరేళ్ల కిందటి మాట. ఆగ్రాలో ఈ.హెచ్. హ్యాంకిన్ అనే బ్రిటిష్ శాస్త్రవేత్త ఉండేవాడు. ప్రభుత్వంలో రసాయన పరీక్షాధికారి. గంగా యమునల నీటిలో కలరా క్రిముల్ని చంపే గుణం ఏదో ఉందని 1896లోనే రాసినవాడు. ఆ పని ముగించుకుంటే ఇక ఆయన చూపంతా ఆకాశం మీదే. ఏ పక్షి ఏ వేళకు లేస్తోంది, ఎప్పుడు రెక్కలాడించడం మానేసి తేలడం మొదలుపెడుతోంది, ఎటు తిరుగుతోంది అన్నదంతా ఓపిగ్గా రాసిపెట్టుకునేవాడు. పొద్దున ముందుగా గద్దలు లేచేవి. రాబందులు ఆ వేళకింకా కొమ్మల మీదే కూర్చుని ఉండేవి. ఎండ బాగా ఎక్కాక గానీ కదిలేవి కావు. ఈ పరిశీలనలన్నిటినీ కలిపి 1913లో 'యానిమల్ ఫ్లైట్' పేరుతో పుస్తకం తెచ్చాడు హ్యాంకిన్.

గద్ద తేలిక పక్షి. రెక్కల వైశాల్యంతో పోలిస్తే దాని బరువు తక్కువ. నేల కాస్త వేడెక్కి, గాలి సన్నగా పైకి లేస్తే చాలు, దాన్ని పట్టుకుని తేలగలదు. రాబందుకు ఆ గాలి ఆనదు. అది లేవాలంటే మధ్యాహ్నపు ఎండకు బలంగా పైకి తన్నే గాలి కావాలి. కానీ ఒక్కసారి ఎత్తు దొరికిందా, వేగమూ దూరమూ రాబందువే. ఇవాళ పోటీలకు వెళ్లే గ్లైడర్ పైలట్, రెక్కల్లో ఎన్ని లీటర్ల నీళ్లు నింపుకోవాలో తేల్చుకునేది సరిగ్గా ఈ లెక్కతోనే. గద్దలా తేలిగ్గా వెళ్లాలా, రాబందులా బరువుగా వెళ్లాలా అన్నది ఆ రోజు ఎండా గాలీ చెబుతాయి.

గ్లైడర్ అనగానే పై నుంచి మెల్లగా కిందికి జారే బొమ్మ విమానమని చాలామంది అనుకుంటారు. జారడం అందులో సగమే. మిగతా సగం ఎక్కడం. ఇంజన్ లేకుండా ఎక్కడం ఒక శాస్త్రం, ఒక కళ, అన్నిటికన్నా మించి ఒక క్రమశిక్షణ. దాన్ని నేర్చుకున్నవాళ్లకు గాలి గురించి తెలిసినంతగా మరొకరికి తెలియదు.

జారుతూనే పైకి

గ్లైడర్ ఎప్పుడూ తన చుట్టూ ఉన్న గాలిలో కిందికే దిగుతూ ఉంటుంది. ముక్కును కొద్దిగా దించి, ఎత్తును ఖర్చుపెట్టి, వేగాన్ని కొనుక్కుంటుంది. ఆ వేగమే రెక్కల మీద గాలిని పారించి దాన్ని నిలబెడుతుంది. అందుకే ఇక్కడ మొదటి ప్రశ్న: ఒక మీటరు ఎత్తు ఖర్చుపెడితే ఎన్ని మీటర్ల దూరం వస్తుంది?

ప్రపంచంలో చాలా క్లబ్బుల్లో విద్యార్థులు నేర్చుకునేది జర్మనీలో తయారయ్యే ఏఎస్‌కే 21 మీద. రెండు సీట్లు, 17 మీటర్ల రెక్కలు. గంటకు 90 కిలోమీటర్ల వేగంతో వెళ్తే ఒక మీటరు ఎత్తుకు 34 మీటర్ల దూరం ఇస్తుంది. అంటే గాలి నిశ్చలంగా ఉన్నప్పుడు కిలోమీటరు ఎత్తులో ఉంటే 34 కిలోమీటర్లు వెళ్లొచ్చు. అప్పుడు అది దిగేది సెకనుకు ముప్పావు మీటరు మాత్రమే. దాదాపు 31 మీటర్ల రెక్కలున్న 'ఈటా' అనే జర్మన్ గ్లైడర్‌కు ఈ నిష్పత్తి 70 దాకా ఉంది. ప్రయాణికుల జెట్ విమానాలకు సుమారు 15 నుంచి 20.

దిగడమే తన స్వభావమైనప్పుడు ఎక్కడం ఎలా? పల్లంలో తొక్కకుండానే జారిపోయే సైకిల్‌ని ఊహించుకోండి. ఆ వాలునే ఎవరో కింది నుంచి ఎత్తుతూ ఉంటే, సైకిల్ వాలులో దిగుతూనే నేల నుంచి పైపైకి వెళ్తుంది. గ్లైడర్ సెకనుకు ముప్పావు మీటరు దిగుతుంటే, దాని చుట్టూ ఉన్న గాలి సెకనుకు మూడు మీటర్లు లేస్తుంటే, లెక్కలో మిగిలే రెండుంపావు మీటర్లూ పైలట్ ఖాతాలో పడ్డట్టే. లేచే గాలి ఎక్కడుందో కనిపెట్టడం, అందులోనే ఉండగలగడం, ఎప్పుడు వదిలెయ్యాలో తెలియడం. విద్యంతా ఈ మూడింటిలోనే ఉంది.

కొండ దిగి మబ్బు ఎక్కారు

ఈ విద్యకు ఆద్యుడు జర్మన్ ఇంజనీరు ఓటో లిలియెంతాల్. చిన్నప్పటి నుంచీ స్టార్క్ కొంగలు ఎగిరే తీరును గమనించి, రెక్కల వంపు మీద కొలతలు తీసి, 1889లో పుస్తకం రాశాడు. 1891 నుంచి తానే రెక్కలు కట్టుకుని గుట్టల మీద నుంచి ఎగిరాడు. బెర్లిన్ శివార్లలో ఇందుకోసం ఒక గుట్టనే పోయించుకున్నాడు. ఐదేళ్లలో సుమారు రెండు వేలసార్లు ఎగిరాడు. 1896 ఆగస్టు 9న గ్లైడర్ అదుపు తప్పి పడిపోయింది. మర్నాడు కన్నుమూశాడు. అప్పటికి ఆయన వయసు 48.

ఆ మరణవార్త అమెరికాలో సైకిళ్ల దుకాణం నడుపుతున్న ఇద్దరు అన్నదమ్ములను కదిలించింది. రైట్ సోదరులు నేరుగా ఇంజన్ జోలికి వెళ్లలేదు. 1900, 1901, 1902ల్లో వరసగా మూడు గ్లైడర్లు కట్టారు. మూడోదాని మీద కిట్టీహాక్ ఇసుక దిబ్బల దగ్గర వందలసార్లు ఎగిరి, గాలిలో మలుపు తిరగడం నేర్చుకున్నాకే 1903లో ఇంజన్ బిగించారు. వాళ్ల విజయ రహస్యం ఇంజన్ కన్నా ముందు చేసిన ఈ సాధనలోనే ఉంది. 1911లో ఆర్విల్ రైట్ మళ్లీ అదే తీరానికి వెళ్లి గ్లైడర్ మీద 9 నిమిషాల 45 సెకన్లు గాలిలో నిలిచాడు. దాదాపు పదేళ్లపాటు ఆ రికార్డును కొట్టినవాళ్లు లేరు.

మొదటి ప్రపంచ యుద్ధం అయ్యాక వెర్సాయ్ ఒప్పందం జర్మనీ చేతులు కట్టేసింది. ఇంజన్ విమానాల మీద ఆంక్షలు వచ్చాయి. అక్కడి కాలేజీ కుర్రాళ్లు ఇంజన్ లేని విమానాల మీద పడ్డారు. ఓటో లిలియెంతాల్ దేశంలో ఆ విద్య మళ్లీ మొలకెత్తింది. 950 మీటర్ల ఎత్తున్న వాసర్‌కుప్పే కొండ మీద 1920లో, 'ఫ్లుగ్‌స్పోర్ట్' పత్రిక సంపాదకుడు ఓస్కార్ ఉర్సినస్ పూనికతో తొలి పోటీలు జరిగాయి. రెండేళ్లకే, 1922లో, హానోవర్ విద్యార్థులు కట్టిన 'వాంపైర్' గ్లైడర్ మీద ఆర్థర్ మార్టెన్స్ గంటకు పైగా ఎగిరాడు. కొండవాలును కొట్టుకుని పైకి మళ్లే గాలిని పట్టుకుని అటూ ఇటూ తిరగడమే అప్పటి పద్ధతి. కొండ దాటితే ఎత్తు పోయినట్టే.

1926లో మాక్స్ కేగెల్ అనే పైలట్‌ను ఉరుముల మబ్బు ఒకటి లోపలికి లాగేసుకుంది. ప్రాణాలతో బయటపడి 55 కిలోమీటర్ల అవతల దిగాడు. గాలి కొండ దగ్గరే కాదు, మబ్బు కింద కూడా లేస్తుందని అందరికీ అర్థమైంది. గ్లైడర్ల రూపకర్త అలెగ్జాండర్ లిపిష్ సలహాతో రాబర్ట్ క్రాన్‌ఫెల్డ్ అనే పైలట్ వేరియోమీటర్ అనే పరికరాన్ని వాడటం మొదలుపెట్టాడు. గ్లైడర్ ఎక్కుతోందా దిగుతోందా, ఎంత వేగంతో అన్నది చూపించే మీటరు అది. ఆ తర్వాత మోటార్‌సైకిల్ ప్రమాదంలో ఒక కాలు పోగొట్టుకున్న వోల్ఫ్ హిర్త్, మబ్బు జాడ లేని ఆకాశంలో కూడా వేడిగాలిలో చక్కర్లు కొడుతూ ఎక్కొచ్చని చూపించాడు. ఆగ్రా గద్దలు అంతకుముందెప్పటి నుంచో చేస్తున్న పని మనిషికి అప్పుడు అబ్బింది.

ఊలు దారం చెప్పే మాట

గ్లైడర్‌ను గాలిలోకి చేర్చడానికి ముఖ్యంగా రెండు మార్గాలు. ఒకటి, చిన్న విమానం తాడు కట్టి 600 మీటర్ల దాకా లాక్కెళ్లి వదలడం. రెండోది వించ్. మైదానం ఆ చివర ఉన్న మోటారు డ్రమ్ము కిలోమీటరు పొడవున్న తాడును చుట్టేస్తుంది. రెక్క కొస పట్టుకుని పరుగెత్తే సహాయకుడు నాలుగడుగులు వేసేలోపే గ్లైడర్ నేల విడుస్తుంది. ముక్కు నిటారుగా ఆకాశం కేసి, వీపు సీటుకు అతుక్కుపోయి, నిమిషం లోపే 350, 400 మీటర్ల ఎత్తు. అక్కడ పసుపు రంగు పిడి లాగితే తాడు ఊడిపోతుంది. ప్రపంచంలో దాదాపు ఏ గ్లైడర్ ఎక్కినా తాడు వదిలే పిడి పసుపే, ఎయిర్‌బ్రేక్ పిడి నీలమే. కంగారులో చెయ్యి తప్పు పిడి మీద పడకూడదని పెట్టుకున్న కట్టుబాటు ఇది.

ఆ నిమిషంలో తాడు తెగితే? ఇది ఎప్పుడో జరిగితే చూసుకుందాంలే అనుకునే విషయం కాదు. విద్యార్థిని ఒంటరిగా పంపేముందు శిక్షకుడు కావాలనే తాడు వదిలేసి పరీక్షిస్తాడు. నేర్చుకోవాల్సింది ఒకటే: ముందు ముక్కు దించు. వేగం వచ్చిందని మీటరు చూపించేదాకా మరో పని ముట్టుకోకు. తర్వాతే ఎదురుగా దిగాలో, తిరిగి రావాలో ఆలోచించు. కిందికి పడిపోతామేమో అనిపించిన క్షణంలో ముక్కును ఇంకా కిందికి దించడం మనిషి స్వభావానికి ఎదురీదడమే. అది చేతికి అలవాటయ్యే దాకా చేయిస్తారు.

కాక్‌పిట్‌లో అన్నిటికన్నా చవకైన పరికరం ఒకటుంది. ఎదుటి గాజు మీద టేపుతో అంటించిన జానెడు ఊలు దారం. రైట్ సోదరులు కూడా ఇలాంటిదే వాడారు. గ్లైడర్ గాలికి సూటిగా వెళ్తుంటే దారం తిన్నగా వెనక్కి ఉంటుంది. పక్కకు జారుతుంటే దారం పక్కకు వాలుతుంది. గ్లైడర్‌కు రెక్కలు చాలా పొడవు కాబట్టి మలుపులో ఒక చిక్కు వస్తుంది. కుడివైపు తిరగాలని కంట్రోల్ స్టిక్ కుడికి వంచితే, పైకి లేచే ఎడమ రెక్క గాలిని ఎక్కువగా ఆపి ముక్కును ఎడమకు లాగుతుంది. అందుకని స్టిక్‌తో పాటే కుడి కాలితో పెడల్ కూడా తొక్కాలి. దారం కొస ఎడమకు వాలితే కుడి పెడల్, కుడికి వాలితే ఎడమ పెడల్. చెయ్యీ కాలూ కలిసిన పైలట్ ముందు దారం మలుపులో కూడా కదలకుండా తిన్నగా ఉంటుంది. లక్షలు పోసి కొన్న ఎలక్ట్రానిక్ పరికరాలున్న గ్లైడర్లలోనూ ఈ దారం ఉండి తీరుతుంది.

ఇప్పుడు గాలి వేట. నేల అంతా ఒకేలా వేడెక్కదు. దుక్కి దున్నిన ఎర్రచెలక, కొయ్యకాళ్లు మిగిలిన చేను, రాళ్ల గుట్ట, ఊరి డాబాలు త్వరగా వేడెక్కుతాయి. చెరువు, తడిపొలం, అడవి ఆలస్యం చేస్తాయి. వేడెక్కిన చోట గాలి పొంగి, బుడగలా విడిపడి, పైకి లేస్తుంది. దీన్నే థర్మల్ అంటారు. పైకెళ్లి చల్లబడ్డాక అందులోని తేమ దూదిమబ్బు అవుతుంది. అంచులు పదునుగా, అడుగు నల్లగా చదునుగా ఉన్న మబ్బు ఎదుగుతోందని గుర్తు. అంచులు చిరిగిపోతున్న మబ్బు కింద ఏమీ మిగల్లేదని గుర్తు. మబ్బు లేని రోజు చక్కర్లు కొట్టే గద్దను చూసి దాని కిందికి వెళ్తారు. ఇది మాటవరసకు చెప్పేది కాదు, పోటీ పైలట్లు రోజూ చేసే పని.

థర్మల్ అంచు తగలగానే సీటు కింద నుంచి నెట్టినట్టవుతుంది. ఇప్పుడు శబ్దంతో కూడా చెప్పే వేరియోమీటర్ కూత హెచ్చుస్థాయికి పోతుంది. ఏ రెక్క పైకి లేచిందో అటువైపే గాలి ఉంది. అటే తిరగాలి. 40 డిగ్రీలు వాలి, గంటకు 90 కిలోమీటర్ల వేగంతో తిరిగితే చుట్టు అడ్డుకొలత 150 మీటర్లు, ఒక్కో చుట్టుకు ఇరవై సెకన్లు. సెకనుకు రెండు మీటర్ల చొప్పున ఎక్కితే చుట్టుకు 40 మీటర్లు. పాతిక చుట్లు తిరిగేసరికి కిలోమీటరు ఎత్తు. ప్రతి చుట్టులోనూ ఏ వైపు కూత పెరిగిందో గుర్తుపెట్టుకుని చుట్టును కొద్దికొద్దిగా అటు జరుపుకుంటూ పోవాలి. అదే థర్మల్‌లో మరో గ్లైడర్ ముందే ఉంటే, అది ఎటు తిరుగుతుంటే మనమూ అటే తిరగాలి. ఇది ఎవరూ మీరని నియమం. ఈ పనులన్నీ చేస్తున్నా చూపు మాత్రం బయటే ఉండాలి. థర్మల్‌లో గ్లైడర్‌కు ముప్పు ఎక్కువగా వచ్చేది పక్కనున్న గ్లైడర్ నుంచే.

నీళ్లు మోసే రెక్కలు

ఎత్తు సంపాదించడం ఒక ఎత్తు, దాన్ని ఖర్చుపెట్టడం మరో ఎత్తు. ఒక థర్మల్ నుంచి ఇంకో థర్మల్‌కు ఎంత వేగంతో వెళ్లాలి? నిదానంగా వెళ్తే ఎత్తు మిగులుతుంది, సమయం పోతుంది. వేగంగా వెళ్తే సమయం మిగులుతుంది, ఎత్తు పోతుంది. ఈ ముడి విప్పినవాడు అమెరికన్ పాల్ మెక్రెడీ. ముందున్న థర్మల్ ఎంత బలంగా ఉంటుందని నమ్మితే అంత వేగంగా వెళ్లాలన్నది ఆయన లెక్క సారం. దిగే గాలిలో వేగం పెంచాలి, లేచే గాలిలో తగ్గించాలి. 1956లో ఫ్రాన్స్‌లో జరిగిన పోటీల్లో ప్రపంచ విజేత ఆయనే. మనిషి పెడల్ తొక్కి ఎగిరించే 'గోసమర్ ఆల్బట్రాస్' రూపకర్తా ఆయనే. 1979లో అది ఇంగ్లిష్ చానల్ దాటింది.

రెక్కల్లో నీళ్లు నింపేది కూడా ఈ లెక్క కోసమే. బరువు పెరిగితే అదే వాలులో వేగం పెరుగుతుంది. థర్మళ్లు బలంగా ఉన్న రోజున నూటయాభై, రెండు వందల లీటర్లు నింపుకుని బయల్దేరతారు. సాయంత్రమై గాలి నీరసించగానే, లేదా దిగేముందు, వాల్వు తెరిచి వదిలేస్తారు. పొద్దున రాబందు, సాయంత్రానికి గద్ద.

గాలి మరో రూపంలో కూడా లేస్తుంది. పెద్ద పర్వతశ్రేణిని దాటిన గాలి అవతలివైపు అలలుగా ఎగసిపడుతుంది. అలల శిఖరాల దగ్గర కటకం ఆకారంలో మబ్బులు కదలకుండా నిలబడి ఉంటాయి. 1933లో వోల్ఫ్ హిర్త్ బృందం ఈ అలల్ని పట్టుకుంది. 2003 జనవరిలో క్లాస్ ఓల్‌మాన్ అర్జెంటీనాలో ఆండీస్ పర్వతాల పక్కన ఈ అలల మీదే ఒక్క రోజులో 3,009 కిలోమీటర్లు ఎగిరాడు. 2018 సెప్టెంబరు 2న జిమ్ పేన్, టిమ్ గార్డ్‌నర్ 'పెర్లాన్ 2' మీద అదే ఆండీస్ పైన 76,124 అడుగులకు చేరారు. 23 కిలోమీటర్ల పైమాట. ఆ ఎత్తులో గాలి ఎంత పల్చనంటే, రక్షణ లేకపోతే మనిషి ఒంటి వేడికే నీరు మరుగుతుంది. అందుకే వాళ్ల క్యాబిన్‌లో గాలి ఒత్తిడిని కృత్రిమంగా నిలబెట్టారు. అంత ఎత్తుకు వాళ్లను తీసుకెళ్లింది మాత్రం గాలే.

ఒక్కటే అవకాశం

గ్లైడర్ పైలట్‌కు దిగేటప్పుడు రెండో ప్రయత్నం ఉండదు. ఇంజన్ విమానం సరిగ్గా రాలేదనిపిస్తే మళ్లీ పైకి లేచి ఇంకో చుట్టు తిరిగి రావచ్చు. ఇక్కడ ఆ వీలు లేదు. అందుకే ప్రతి ల్యాండింగ్‌నూ ఎత్తు చేతిలో ఉండగానే ఆలోచించి పెట్టుకుంటారు. రెక్కల మీద నిలువుగా లేచే ఎయిర్‌బ్రేక్‌లతో ఎత్తును కొలిచి కొలిచి తగ్గిస్తూ, అనుకున్న చోట ఒక్క చక్రం మీద దించుతారు.

దూర ప్రయాణంలో గాలి చాలకపోతే తెలియని పొలంలో దిగాల్సి వస్తుంది. క్లబ్బుల్లో నేర్పే నియమం సూటిగా ఉంటుంది. 600 మీటర్లకు దిగితే దిగదగిన ప్రాంతం మీదే ఉండాలి. 450కి పొలం ఎంచుకోవాలి. 300కి ఇక థర్మల్ ఆశ వదిలి దిగడానికే కట్టుబడాలి. పొలం పొడవు, వాలు, పైరు ఎత్తు, పశువులు, గాలి ఎటు నుంచి అన్నవి పై నుంచే చూసుకోవాలి. కరెంటు తీగలు పై నుంచి కనపడవు. స్తంభాలను వెతకాలి, రెండు స్తంభాల మధ్య తీగ ఉంటుందని తెలుసుకోవాలి. దిగాక రైతుకు నమస్కారం పెట్టి, ఫోను చేస్తే, మిత్రులు ట్రైలర్ తెచ్చి రెక్కలు ఊడదీసి సర్దుకుని తీసుకెళ్తారు. ఇది అపజయమేమీ కాదు. పొలంలో దిగడానికి సిద్ధపడని పైలట్ దూరం వెళ్లలేడు. దిగాల్సిన వేళకు దిగకుండా ఇంకొక్క థర్మల్ కోసం దేవులాడినవాళ్లే ప్రమాదంలో పడతారు.

అర్హత బ్యాడ్జీలు

గ్లైడర్ పైలట్ నైపుణ్యాన్ని ప్రపంచమంతా ఒకే కొలతతో కొలుస్తుంది. వెండి బ్యాడ్జీ రావాలంటే ఐదు గంటలు గాలిలో ఉండాలి, 50 కిలోమీటర్లు వెళ్లాలి, తాడు వదిలాక 1,000 మీటర్లు ఎక్కాలి. బంగారు బ్యాడ్జీకి 300 కిలోమీటర్లు, 3,000 మీటర్లు. ఆపై మూడు వజ్రాలు: ముందే ప్రకటించిన 300 కిలోమీటర్ల గమ్యం, 500 కిలోమీటర్ల దూరం, 5,000 మీటర్ల ఎత్తు ఎక్కడం.

69 ప్రాణాలు నిలిపిన విద్య

1983 జులై 23. కెనడాలో మాంట్రియల్ నుంచి ఒట్టావా మీదుగా ఎడ్మంటన్ వెళ్తున్న ఎయిర్ కెనడా 143. కొత్త బోయింగ్ 767. ఇంధనాన్ని కిలోల్లో లెక్కకట్టాల్సింది పౌండ్లలో కట్టారు. కావాల్సిన దాంట్లో సగం కూడా లేకుండా విమానం లేచింది. 41,000 అడుగుల ఎత్తులో ఉండగా ఇంధనం అయిపోవచ్చింది, కాసేపటికి ఇంజన్లు రెండూ ఆగిపోయాయి. లోపల 69 మంది. కాక్‌పిట్‌లో తెరలు చాలావరకు చీకటైపోయాయి.

కెప్టెన్ బాబ్ పియర్సన్ సెలవు రోజుల్లో గ్లైడర్లు నడిపేవాడు. విమానం ఏ వేగంతో వెళ్తే ఎక్కువ దూరం జారుతుందో తన అంచనాతో నిర్ణయించుకున్నాడు. విన్నిపెగ్ విమానాశ్రయం దాకా వెళ్లలేమని తేలింది. కో-పైలట్ మోరిస్ క్వింటాల్ వైమానిక దళంలో పనిచేసిన రోజుల్లో గిమ్లీ అనే స్థావరం తెలిసినవాడు. అటు తిప్పారు. ఆ పాత రన్‌వే కార్ల రేసులకు వాడుకగా మారిందనీ, ఆ సాయంత్రం అక్కడ కుటుంబాలు చేరి ఉన్నాయనీ వాళ్లకు తెలియదు.

దగ్గరికొచ్చేసరికి ఎత్తు ఎక్కువైంది. మరో చుట్టు తిరిగే వీల్లేదు. వేగం పెరగకుండా ఎత్తు తగ్గించాలి. పియర్సన్ గ్లైడర్ పైలట్లు చేసే పని చేశాడు. స్టీరింగ్ ఒకవైపు తిప్పి, పెడల్ ఇంకోవైపు తొక్కి విమానాన్ని పక్కవాటుగా జార్చాడు. అలా జారితే గాలి ఒంటికి అడ్డంగా తగిలి వేగం పెరగకుండానే ఎత్తు పోతుంది. అంత పెద్ద జెట్ విమానాన్ని అలా ఏటవాలుగా తేవడం ఎవరూ చూడనిది. చివరి క్షణంలో తిన్నగా చేసి దించాడు. ముందు చక్రం మడతపడి ముక్కు రన్‌వేకు రాసుకుంటూ ఆగింది. ఒక్క ప్రాణం పోలేదు. ఆ విమానానికి 'గిమ్లీ గ్లైడర్' అని పేరు స్థిరపడిపోయింది.

2009 జనవరి 15న న్యూయార్క్‌లో పక్షుల గుంపు తగిలి ఇంజన్లు ఆగిన ఎయిర్‌బస్‌ను హడ్సన్ నది మీద దించి 155 మందినీ కాపాడిన చెస్లీ సల్లెన్‌బర్గర్ కూడా ఎయిర్‌ఫోర్స్ అకాడమీలో కేడెట్‌గా ఉన్నప్పుడే గ్లైడర్లు నడిపినవాడే. ఇంజన్ ఆగితే ఏమవుతుందన్న భయం వాళ్లకు పాఠంలోనే తీరిపోయింది.

మన నక్షత్రాలు

ఈ విద్య మనకు కొత్తదేమీ కాదు. స్వతంత్రం వచ్చిన తొలి దశాబ్దాల్లో పౌర విమానయాన శాఖ ఇంజనీర్లు సొంతంగా గ్లైడర్లు రూపొందించారు. వాటికి పెట్టిన పేర్లు చూడండి: అశ్విని, భరణి, కార్తీక్, రోహిణి, మృగశీర్, ఆర్ద్ర. మన పంచాంగంలోని నక్షత్రాల వరసే. 1950ల చివరి నుంచి 1970ల చివరి దాకా సాగిన పని ఇది. రోహిణిలో గురువూ శిష్యుడూ పక్కపక్కనే కూర్చుని ఎగిరేవారు. ఎన్‌సీసీ ఎయిర్‌వింగ్ కేడెట్లు ఎందరో తొలిసారి ఆకాశాన్ని చూసింది గ్లైడర్ల నుంచే. పుణె దగ్గర హడప్సర్‌లోని ప్రభుత్వ గ్లైడింగ్ కేంద్రం దశాబ్దాల పాటు మామూలు జనాన్ని కూడా ఎక్కించుకుంది. ఆర్ద్ర తర్వాతి నక్షత్రాల పేర్లతో గ్లైడర్లు మాత్రం రాలేదు. ఎన్‌సీసీ శిక్షణ క్రమంగా మైక్రోలైట్ విమానాల వైపు మళ్లింది. హిమాచల్‌లోని బీర్-బిల్లింగ్‌లో పారాగ్లైడర్లు అవే థర్మళ్లను పట్టుకుని ఎగురుతున్నా, గ్లైడర్ విద్య మాత్రం మన దేశంలో పక్కకు పోయింది.

శాస్త్రం పక్కకు పోలేదు. 2016 మే 23న శ్రీహరికోట నుంచి ఇస్రో రెక్కలున్న ప్రయోగ నౌకను 65 కిలోమీటర్ల ఎత్తుకు పంపింది. తిరుగుదారిలో అది ఇంజన్ లేకుండానే జారుతూ బంగాళాఖాతం మీదికి వచ్చింది. 2023, 2024ల్లో కర్ణాటకలోని చిత్రదుర్గ జిల్లాలో, 'పుష్పక్' అని పేరుపెట్టిన రెక్కల వాహనాన్ని చినూక్ హెలికాప్టర్ నాలుగున్నర కిలోమీటర్ల ఎత్తు నుంచి వదిలితే, అది తనంతట తానే దారి సరిచేసుకుని రన్‌వే మీద దిగింది. రోదసి నుంచి తిరిగొచ్చే రెక్కల వాహనం ఏదైనా చివరికి గ్లైడరే. ఎత్తును లెక్కగా ఖర్చుపెట్టడం, ఒక్క ప్రయత్నంలోనే దిగడం అన్న పాత సమస్యనే మన శాస్త్రవేత్తలు కంప్యూటర్‌కు నేర్పుతున్నారు.

అదే విద్య పిల్లలకు ఎందుకు నేర్పకూడదు? జర్మనీ, బ్రిటన్, అమెరికాల్లో 14 ఏళ్లకే గ్లైడర్‌ను ఒంటరిగా నడపనిస్తారు. కారు నడిపే వయసు రాకముందే గాలిని చదవడం వస్తుంది. తెలుగు నేలకు ఎండ కొదవ లేదు. ఫిబ్రవరి నుంచి మే దాకా మన బయళ్ల మీద గద్దలు ఎక్కే ఎత్తు చూస్తే థర్మళ్లకూ కొదవ లేదని తెలుస్తుంది. దొనకొండ, బసంత్‌నగర్ లాంటి పాత ఎయిర్‌స్ట్రిప్‌లు ఉన్నాయి. ఏరోనాటికల్ ఇంజనీరింగ్ చెప్పే కాలేజీలు రెండు రాష్ట్రాల్లోనూ ఉన్నాయి. ఒక వించ్, రెండు సీట్ల గ్లైడర్లు రెండు, అనుభవమున్న శిక్షకులు, పద్ధతిగా నడిపే క్లబ్బు. మొదలుపెట్టడానికి ఇవి చాలు. ప్రభుత్వాలు, విశ్వవిద్యాలయాలు, ఎన్‌సీసీ కలిసి కూర్చుంటే అసాధ్యమైన పనేమీ కాదు. పైలట్లు కావాలని విమానయాన రంగం అడుగుతున్న ఈ కాలంలో, ఇంజన్ ఆగినా చెదరని పైలట్లను తయారుచేసే చవకైన బడి ఇదే.

మీ ఇంట్లో అమ్మాయో అబ్బాయో పైలట్ అవుతానంటే శిక్షణ ఫీజు ఎంతని ఆరా తీసేముందు, బడిలోనో కాలేజీలోనో ఎన్‌సీసీ ఎయిర్‌వింగ్ ఉందేమో కనుక్కోండి. ఏరోమోడలింగ్‌లో పెట్టండి. చేతులతో ఒక గ్లైడర్ బొమ్మ చేసి, ముక్కు బరువు సరిచూసుకుని, అది ఎందుకు పడిందో, ఎందుకు నిలిచిందో తేల్చుకోనివ్వండి. రైట్ సోదరులు మొదలుపెట్టింది కూడా ఇంజన్ లేని రెక్కలతోనే.